నిమ్మకాయలకు వెళ్ళినవాళ్ళు

6 అక్టోబర్ 2003, సోమవారం

దర్శకుడు క్లియాంథిస్ పొద్దున్నే రెండు అట్టపెట్టెల నిండా టేపులు తెచ్చి నా ఎడిటింగ్ బల్ల మీద దబ్బున పడేశాడు. సైనిక పాలన మీద పాలిటెక్నిక్ విద్యార్థుల తిరుగుబాటుకు ముప్పై ఏళ్ళు నిండుతున్నాయి కదా, దాని మీద డాక్యుమెంటరీ. నవంబర్ పదిహేనున టీవీలో రావాలట.

"వేరేవాళ్ళ చేతిలో పెడితే పాడుచేస్తారు మెల్పో. నువ్వైతే అప్పటి మనిషివి" అన్నాడు.

అప్పటి మనిషి. మ్యూజియంలో పగిలిన కుండకు చీటీ అంటించినట్టు.

అక్టోబర్ వస్తే చాలు, ఏథెన్స్‌లో ఒక కంపు మొదలవుతుంది. ఏడాది పొడుగునా ఒకరి మొహం ఒకరు చూసుకోనివాళ్ళు వరసగా టీవీల్లో కూర్చుని "మా తరం" అంటారు. కల్నళ్ళ ప్రభుత్వాన్ని మేమే దించామంటారు. ఈ ఊళ్ళో యాభై దాటినవాళ్ళలో ఆ మూడు రోజులూ పాలిటెక్నిక్ లోపల లేనివాడు నాకింతవరకూ తగల్లేదు. వీళ్ళందరూ నిజంగానే లోపల ఉండివుంటే ఆ కట్టడం తనంతట తనే పగిలిపోయేది, సైన్యం ట్యాంకు పంపనక్కర్లేకపోయేది.

సరే. పని పని.

7 అక్టోబర్

స్టెర్గియోస్ టేపులు చూశాను. మొత్తం మూడు గంటలు. సినిమాకు వెన్నెముక ఇతనేనని క్లియాంథిస్ అట్టమీద ఎర్ర ఇంకుతో రాశాడు.

స్టెర్గియోస్ ఒకప్పటి ఉపమంత్రి. జుట్టు నెరిసింది, గొంతు మాత్రం ఇంకా వేదిక మీది గొంతే. శనివారం తెల్లవారుజామున ట్యాంకు గేటు మీదికి వస్తున్నప్పుడు గేటు పట్టుకుని నిలబడ్డవాళ్ళలో తానొకడినంటాడు. అంతకు కాసేపటి ముందే బయట వీధిలో తూటా తగిలిన ఆర్గిరిస్ అనే ఇరవై ఏళ్ళ విద్యార్థిని భుజాన వేసుకుని లోపలి వైద్యం గదికి తెచ్చానంటాడు. ఆ పిల్లాడు తన చేతుల్లోనే పోయాడట. పోతూ పోతూ, "మా అమ్మతో చెప్పు, నేను భయపడలేదని" అన్నాడట.

"భయపడలేదని" దగ్గర స్టెర్గియోస్ గొంతు పూడుకుపోయింది. కళ్ళు తుడుచుకున్నాడు. కెమెరా ఇంకా తిరుగుతూనే ఉంది. ముక్కు చీదుకుని, మామూలు గొంతుతో, "ఎలా వచ్చింది? వెలుతురు ఈ పక్కనుంచైతే బాగుంటుందేమో. ఇంకోసారి చెయ్యనా?" అన్నాడు.

చేశాడు. మళ్ళీ అదే మాట దగ్గర, అదే అక్షరం దగ్గర, గొంతు పూడుకుపోయింది. రెండు షాట్లూ పక్కపక్కన పెట్టి చూశాను. అతుకు కనబడదు. ఎడిటర్‌కు ఇంతకన్నా అదృష్టం ఏముంటుంది.



9 అక్టోబర్

స్టెర్గియోస్ ఫోను. "సినిమా నీ చేతికొచ్చిందని తెలిశాక నా గుండె నిమ్మళించింది మెల్పో. మనవాళ్ళ పని మనవాళ్ళే చెయ్యాలి."

మా పరిచయం డెబ్బైమూడు నాటిది. అది ఇక్కడ అనవసరం.

పాత ఫొటోలు ముందు వేసుకుని వరస కూర్చాను. మేం లోపల ఉన్నప్పుడు ఏ రోజు ఏం జరిగిందో క్లియాంథిస్‌కు కాగితం మీద రాసిచ్చాను. బుధవారం తలుపులు మూసుకున్నాం. గురువారం రేడియో మొదలైంది, మాదే, ప్రయోగశాలలోని సామాను తీసి కట్టిన రేడియో. వీధులన్నీ జనం. ఎవరెవరో రొట్టెలు, సిగరెట్లు, మందులు గేటు మీదుగా విసిరారు. శుక్రవారం మధ్యాహ్నం రెండింటికి నేను రెండో అంతస్తులో కరపత్రాలు తీస్తున్నాను, చేతులు మోచేతులదాకా నలుపు. సాయంత్రం బాష్పవాయువు మొదలైంది.

తర్వాత సంగతి అందరికీ తెలిసిందే.

13 అక్టోబర్

ఆర్గిరిస్ సొంతూరు కీమిలో తీసిన టేపు. ఆర్గిరిస్ అక్క ఉరానియా. అరవై దాటింది, నల్ల బట్టల్లో ఉంది, చేతులు పని చేసే చేతులు. తమ్ముడి సమాధి పక్కన నిలబడి మాట్లాడింది. పాలరాతి మీద అతని పేరు, కింద ఆ మాట: అమ్మా, నేను భయపడలేదు.

"ఈ మాటే లేకపోతే మా అమ్మ మొదటి చలికాలమే పోయేది. ఎనిమిదేళ్ళు దీన్ని పట్టుకుని బతికింది. రోజూ వచ్చి ఈ అక్షరాలు ముద్దు పెట్టుకునేది" అంది.

ప్రతి నవంబరులోనూ స్టెర్గియోస్ దండ పట్టుకుని వస్తాడట. వాళ్ళింట్లోనే భోజనం.

ఈ టేపులో కోయడానికి ఏమీ లేదు.

17 అక్టోబర్

పెట్టె అడుగున చీటీ లేని టేపు ఒకటి దొరికింది. ఏం టేపో చూద్దామని పెట్టాను.

ఊలు స్వెట్టరు వేసుకున్న ఒకావిడ. పేరు అసిమీనా. అప్పుడు నర్సు చదువుతోంది, ఇప్పుడు రిటైరవబోతున్న నర్సు. వెలుతురు సరిగ్గా పడలేదు, కుర్చీ కూడా వంకరగా ఉంది. క్లియాంథిస్ ఆమెను ఏదో మర్యాద కోసం తీసినట్టుంది. ఆ వైద్యం గదిలో మొదటినుంచి చివరిదాకా ఉన్నానని చెప్పింది. గొంతు పెంచదు, తగ్గించదు. మందుల చీటీ చదువుతున్నట్టు మాట్లాడుతుంది.

"ఆర్గిరిస్ చెయ్యి పట్టుకున్నది నేను. ఇద్దరు భవన కార్మికులు మోసుకొచ్చారు వాణ్ణి. టీవీలో చెబుతాడే, ఆ స్టెర్గియోస్ అనే మనిషి, అతను ఆ గదిలో లేడు."

క్లియాంథిస్ గొంతు వెనకనుంచి, "గందరగోళంలో మీరు గమనించి ఉండరేమో" అంది.

"గది ఎంతుందనుకున్నారు? నాలుగు బల్లలు. పిల్లాడు ఇరవై నిమిషాలున్నాడు. భయపడ్డాడు. చాలా భయపడ్డాడు. గోళ్ళు దిగేలా నా చెయ్యి పట్టుకున్నాడు. అమ్మతో చెప్పమని ఏమీ అనలేదు. బూట్ల గురించి అన్నాడు. అవి తీసి పారెయ్యకండి, మా బావవి, అడగకుండా వేసుకొచ్చాను, పోతే ఉరానియా తిడుతుంది, అన్నాడు. అదే ఆఖరి మాట."

టేపు ఆపాను. మళ్ళీ పెట్టాను. మళ్ళీ ఆపాను.

18 అక్టోబర్

ఆవిడ అబద్ధం చెబుతూ ఉండవచ్చు.

19 అక్టోబర్

చెప్పడం లేదు.

21 అక్టోబర్

క్లియాంథిస్ ఉడికిన కోడిగుడ్డు వలుస్తూ వచ్చాడు. ఆ పెంకులు నా బల్ల మీదే పెట్టాడు.

"ఆ నర్సు టేపు చూశావా? పక్కన పడెయ్" అన్నాడు.

"ఎందుకు?"

"ఎందుకేమిటి? సినిమాకి ఒక చావు, ఒక సాక్షి చాలు. ఇద్దరు సాక్షులు కొట్టుకుంటే చూసేవాడు ఛానల్ మార్చేస్తాడు."

"ఆవిడ చెప్పింది నిజమైతే?"

"నిజమే అనుకో. రుజువేదీ? ముప్పై ఏళ్ళ తర్వాత ఒక ఆడమనిషి లేచి, అతను లేడు అంటుంది. అతను ఉన్నానంటాడు. ఎవరిది పైచెయ్యి? పైగా ఆ పల్లెటూళ్ళో ఆ అక్క... ఆమె బతుకంతా ఆ రాతి మీద ఉంది. లాగేస్తావా? నీకేమైనా జాలీ దయా ఉన్నాయా?"

చివరి మాట చెబుతున్నప్పుడు అతని పెదవి మీద పచ్చసొన అంటుకుని ఉంది. జాలి, దయ! అవసరం పడినప్పుడు అలమరలోంచి తీసుకుంటారు, ఇస్త్రీ చేసిన చొక్కాలాగా.

రుజువేదీ అని అడిగాడు. నా మొహంలోకి చూస్తూనే అడిగాడు.

అసిమీనాను తీసేశాను. మంచి కోత. ఎక్కడా ఒక్క చుక్క నెత్తురు లేదు. ఆవిడ ఈ సినిమాలోకి ఎప్పుడూ రానట్టే ఉంది.

కత్తెరకు అభిప్రాయాలుండవు.

22 అక్టోబర్

కత్తెరకు అభిప్రాయాలుండవని నిన్న రాశాను. ఎంత చక్కటి వాక్యం. స్టెర్గియోస్ ఉపన్యాసంలో ఇట్టే ఇమిడిపోతుంది.

24 అక్టోబర్

స్టెర్గియోస్ స్వయంగా వచ్చాడు. చేతిలో మిఠాయి పెట్టె, రిబ్బను కట్టి. క్లియాంథిస్ కాఫీకి బయటికి వెళ్ళిన సమయం చూసి వచ్చాడని నా అనుమానం. నా పక్కన కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. అత్తరు వాసన గదంతా కమ్మేసింది.

"ఎవరో నర్సు ఏదో వాగిందటగా" అన్నాడు నవ్వుతూ.

"వాగలేదు. చెప్పింది."

"సరే, చెప్పింది. తీసేశావని క్లియాంథిస్ అన్నాడు. నాకు తెలుసు, నువ్వు తెలివైనదానివి."

"స్టెర్గియోస్, ఆ మాట నీకెక్కడిది? భయపడలేదు అన్న మాట."

అతను నవ్వు తగ్గించాడు. కోపం వస్తుందనుకున్నాను. రాలేదు.

"నెలమాసికానికి కీమి వెళ్ళాను. మేమందరం వెళ్ళాం, నువ్వు తప్ప. ఆ తల్లి ఒక్కొక్కళ్ళ చొక్కా పట్టుకుని అడుగుతోంది, మావాడేమన్నాడు, మావాడేమన్నాడు అని. ఎవడూ నోరు విప్పడే! అందరూ నేల చూస్తున్నారు. ఏం చెయ్యమంటావు? నోటికొచ్చింది చెప్పాను. ఆవిడ నా చేతులు ముద్దు పెట్టుకుంది. ఇక ఎలా వెనక్కి తీసుకుంటాను?"

ఒక్క క్షణం, ఒకే ఒక్క క్షణం, ఆ ఇరవైమూడేళ్ళ పిల్లాడు కనబడ్డాడు. అంతలోనే కళ్ళద్దాలు సరిచేసుకుని, "తర్వాత అదే నన్ను పెంచింది అనుకో" అన్నాడు. ఉపమంత్రి పదవిదాకా!

వెళ్ళబోతూ గుమ్మంలో నిలబడి నెమ్మదిగా అన్నాడు: "ఆ రాత్రి మనిద్దరం ఎక్కడున్నామో మనిద్దరికే తెలుసు మెల్పో. మీ పిన్ని కూడా పోయింది పాపం. మంచిది. చాలా మంచి మనిషి."

మిఠాయి పెట్టె చెత్తబుట్టలో పడేశాను. కాసేపటికి తీసి ఒకటి తిన్నాను. ఎందుకు తిన్నానో తెలియదు.

28 అక్టోబర్

జాతీయ దినం, సెలవు. వీధిలో పరేడు, డప్పులు. కిటికీలు మూసుకున్నాను.

ఇది నేను తప్ప ఎవరూ చదవరు. అయినా మూడు వారాలుగా ఎవరో భుజం మీదుగా చూస్తున్నట్టే రాస్తున్నాను. రాసేస్తాను.

శుక్రవారం, పదహారో తేదీ, సాయంత్రం ఏడున్నర. బాష్పవాయువుకు అందరి కళ్ళూ మండిపోతున్నాయి. నిమ్మకాయ చెక్క ముక్కు దగ్గర పెట్టుకుంటే కాస్త ఊపిరి ఆడుతుంది. వైద్యం గదిలో నిమ్మకాయలు అయిపోయాయి. ఎవరు తెస్తారని అడిగారు. స్టెర్గియోస్ చెయ్యెత్తాడు. తోడు నేను. పక్క గుమ్మంలోంచి బయటపడ్డాం. కిప్సేలి పేటలో మా పిన్ని ఇల్లు నడక దూరమే. అక్కడ నిమ్మకాయలున్నాయి, పన్నెండో పదమూడో, ఒక బుట్టలో. పిన్ని వాటిని సంచిలో పోసింది. "ముందు ఇంత తినండి, మొహాలు చూడండి ఎలా ఉన్నాయో" అంది. మసూరు పప్పు చారు పెట్టింది. వేడిగా ఉంది. స్టెర్గియోస్ రెండు గిన్నెలు తాగాడు. నేను ఒకటి. కాళ్ళు కాస్త వెచ్చబడ్డాయి.

అప్పుడు వీధుల్లో తూటాలు మొదలయ్యాయి.

వెళదాం అని అతను అనలేదు. వెళదాం అని నేను అనలేదు. వంటింట్లో పిన్ని రేడియోలో మా పాలిటెక్నిక్ ప్రసారం పెట్టుకుని కూర్చున్నాం. ఆ అమ్మాయి గొంతు, ఆ అబ్బాయి గొంతు, సైనికుల్లారా మీరు మా అన్నదమ్ములు అంటూ. వింటూనే ఉన్నాం. నిమ్మకాయల సంచి బల్ల మీద, మా ఇద్దరి మధ్య. తెల్లవారుజామున మూడింటి ప్రాంతంలో గొంతు ఆగిపోయింది. స్టెర్గియోస్ బల్ల మీద తల పెట్టుకున్నాడు. పిన్ని మా ఇద్దరికీ దుప్పట్లు కప్పింది.

రెండు నెలల తర్వాత అతను "నేను గేటు దగ్గర ఉన్నాను" అనడం మొదటిసారి విన్నాను. నేను అక్కడే, అదే గదిలో ఉన్నాను. ఎవరో నావైపు తిరిగి, "నువ్వు కూడానా?" అన్నారు.

తల ఊపాను. అంతే. ఒక్కసారి కిందికి, ఒక్కసారి పైకి. ఆ ఊపుకే ముప్పై ఏళ్ళుగా నాకు పని దొరుకుతోంది. అప్పటి మనిషి!

స్టెర్గియోస్ ఆ ముసలావిడ ఏడుపు ఆపడానికి అబద్ధం చెప్పాడు. నన్ను ఎవరూ ఏడుస్తూ అడగలేదు.

1 నవంబర్, శనివారం

ఊరి శివారున పెరిస్తేరి వెళ్ళాను. అసిమీనా ఇల్లు మూడో అంతస్తు, లిఫ్టు పాడైంది. వంటింట్లో బల్ల నిండా అడవి ఆకుకూర పోసుకుని మట్టి వేళ్ళు కోస్తోంది. నా చేతికీ ఒక చాకు ఇచ్చింది. బాగు చేస్తూ మొత్తం చెప్పాను. నిమ్మకాయలు, పప్పు చారు, రేడియో, తల ఊపడం. ఆవిడ టేపును నేనే తీసేశానని కూడా చెప్పాను.

ఆవిడ ఇంకో గుప్పెడు ఆకు బాగు చేసి పక్కన పెట్టింది.

"అయితే నిమ్మకాయలకి వెళ్ళింది మీరన్నమాట" అంది చివరికి. "ఒంటిగంటదాకా అడుగుతూనే ఉన్నాం, వాళ్ళొచ్చారా, వాళ్ళొచ్చారా అని. దారిలో మిమ్మల్ని కాల్చేశారనుకున్నాను. మీ ఇద్దరి కోసం ఏడ్చాను కూడా. ఏడుపు దండగైంది."

నేను తల దించుకున్నాను.

"ఏమ్మా, వెళ్ళిపోయినందుకా ఈ మొహం? ఆ పక్క గుమ్మం దగ్గర నిలబడి ఎంతమందిని నేనే బయటికి తోశానో తెలుసా? పోండి, ఇళ్ళకి పోండి, మీ అమ్మలు ఎదురు చూస్తుంటారు అని. నాకే ఒళ్ళంతా వణుకు. వెళ్ళినందుకు నిన్నెవరూ ఏమీ అనరు. తర్వాత ముప్పై ఏళ్ళు ఏం చేశావు? అదీ అడగాల్సింది."

"మీరెందుకు ఇన్నాళ్ళూ చెప్పలేదు?"

"నన్నెవరడిగారు? డ్యూటీలు, పిల్లలు. ఏదో ఒకటి చెప్పుకుంటున్నార్లే అనుకున్నాను. కిందటేడు వార్డులో టీవీ చూస్తున్నాను. ఆ మనిషి మళ్ళీ అదే మాట, భయపడలేదు, భయపడలేదు అని. నా పక్క మంచం మీద ఒక కుర్రాడు, ఆపరేషన్‌కి తీసుకెళ్ళాలి. వాడు టీవీ చూసి సిగ్గుపడి మొహం తిప్పుకున్నాడు. వాడికి భయంగా ఉంది మరి! ఒళ్ళు మండింది నాకు. ఆర్గిరిస్‌కి భయం వేసింది. భయం వేసినా ఆ వీధిలోకి వచ్చాడు. అది పీకేస్తే వాడిలో ఇంకేం మిగిలింది? రాయి మిగిలింది."

టేపు మళ్ళీ సినిమాలో పెడతానన్నాను. ఆవిడ చాకు కింద పెట్టింది.

"ఆ అక్కకి చెప్పకుండానా? టీవీలో చూసి తెలుసుకోవాలా ఆవిడ? సిగ్గు లేదూ? ముందు ఆవిడ ఇంటికి వెళదాం. ఎదురుగా కూర్చుని చెబుదాం. వద్దంటే వద్దు."

5 నవంబర్, బుధవారం

కీమి. బస్సులో మూడు గంటలు. అసిమీనా దారిపొడుగునా నిద్రపోయింది. నేను నాలుగుసార్లు దిగిపోదామనుకున్నాను.

ఉరానియా తలుపు తీసి, సినిమావాళ్ళం అనుకుని లోపలికి పిలిచింది. పళ్ళెంలో చెర్రీ పళ్ళ మిఠాయి, చల్లటి నీళ్ళు. "స్టెర్గియోస్ బాగున్నాడా? పదిహేడున వస్తానన్నాడు, కోడిని చూసిపెట్టాను" అంది.

అసిమీనా చెప్పింది. టేపులో చెప్పినట్టే, అదే గొంతుతో. ఉరానియా వింటున్నంతసేపూ ఒళ్ళో గుడ్డ ఒకటి మడతపెడుతూ, విప్పుతూ ఉంది. బూట్ల దగ్గరికి వచ్చేసరికి చేతులు ఆగాయి.

"ఏ రంగువి?"

"గోధుమ రంగు. ఎడమదానికి లేసు లేదు. తాడు కట్టి ఉంది."

ఉరానియా లేచి కిటికీ దగ్గరికి వెళ్ళింది. వీపు మాకేసి.

"మా ఆయన పోయేదాకా వాటి ఊసెత్తలేదు. నేనే ఎత్తనివ్వలేదు. ఆ తాడు నేను కట్టింది. ఎవరికీ తెలియదు ఆ సంగతి, ఏ పేపర్లోనూ రాలేదు" అంది. తర్వాత, "నేను తిడతానన్నాడా?" అంది.

"ఉరానియా తిడుతుంది, అన్నాడు."

"తిట్టేదాన్నే! వీపు విమానం మోత మోగించేదాన్ని!" అంటూ నవ్వింది. నవ్వు మధ్యలో విరిగి ఏడుపైపోయింది. అసిమీనా వెళ్ళి పట్టుకుంది. ఇద్దరూ కిటికీ దగ్గర అలాగే నిలబడ్డారు. ఉరానియా మధ్యమధ్యలో అడుగుతూనే ఉంది, చలేసిందా వాడికి, దాహం అడిగాడా, కళ్ళు నువ్వే మూశావా. అసిమీనా అన్నిటికీ ఉన్నదున్నట్టు చెప్పింది. చలేసింది. నీళ్ళు ఇవ్వకూడదు, గుడ్డ తడిపి పెదాలకు పెట్టాను. నేనే మూశాను.

నేను మిఠాయి పళ్ళెం ఎదురుగా కూర్చున్నాను.

తర్వాత నా వంతు వచ్చింది. చెప్పాను. ఉరానియా కళ్ళు తుడుచుకుని నా మొహంలోకి చూసింది. ఆ చూపు రాయడం నావల్ల కాదు.

"నీకు తెలుసు" అంది. "ఆ స్టెర్గియోస్ అక్కడ లేడని నీకు మొదటిరోజునుంచీ తెలుసు. అక్కా అక్కా అంటూ ప్రతి నవంబరులో వచ్చి నా బల్ల దగ్గర కూర్చుంటే ముప్పై కోళ్ళు కోసి పెట్టాను వాడికి. తొడ ముక్క వాడికే వేసేదాన్ని."

నా ఎదుటి మిఠాయి పళ్ళెం తీసి పక్కన పెట్టింది.

"ఆ సినిమాలో పెట్టండి. ఈ తల్లి మాట పెట్టండి. నీ మాట కూడా పెట్టు. ఆ మనిషికి చెప్పు, నా గడప తొక్కితే మరిగే నీళ్ళు పోస్తానని."

8 నవంబర్

క్లియాంథిస్‌తో అన్నాను: "రుజువు కావాలన్నావుగా. నేనే రుజువు."

మొదట నోరు తెరిచాడు. "నీకు మతిపోయిందా? రేపటినుంచి నీకు పనెవడిస్తాడు?" అన్నాడు. అంతలోనే కళ్ళు మెరవడం మొదలుపెట్టాయి. చూస్తూండగానే మెరిశాయి. లేచి తిరుగుతున్నాడు. "ఎడిటరే సాక్షి! ఆ కోణం ఎవడూ చెయ్యలేదు మెల్పో! ఇది సినిమా పండగలకి వెళుతుంది, బయటి దేశాలకి వెళుతుంది!"

మొన్న జాలి. ఇవాళ కోణం.

అయినా కుర్చీలో కూర్చున్నాను. ఆరు నిమిషాలు మాట్లాడాను. "చివర్లో కాస్త కన్నీళ్ళు..." అన్నాడు కెమెరా వెనకనుంచి. రావడం లేదన్నాను. నిజంగానే రావడం లేదు.

10 నవంబర్

రెండు రోజులు కూర్చుని సినిమా తిరగ్గట్టాను. స్టెర్గియోస్ కూడా ఉన్నాడు అందులో. మొత్తం ఉన్నాడు, "ఇంకోసారి చెయ్యనా" తో సహా.

11 నవంబర్

ఛానల్ వాళ్ళు వద్దన్నారు. మొదటి సినిమాయే వేస్తారట. క్లియాంథిస్ పావుగంట ఫోన్లో అరిచాడు, పదహారో నిమిషంలో ఒప్పుకున్నాడు. "నా చేతులు కట్టేశారు" అన్నాడు. ఆ చేతుల్లో ఒకటి అప్పుడు పాలకూర రొట్టె పట్టుకుని ఉంది.

కొత్త సినిమా టేపు మాత్రం నా సంచిలో పెట్టాడు. "నీ దగ్గరుంచుకో, నన్నడక్కు" అన్నాడు. అతను చేసిన ఆ ఒక్క పనికి ఇక్కడ చోటిస్తున్నాను.

12 నవంబర్

ఉరానియా ఫోను. ఎప్పుడు చూపిస్తారని.

"చూపించరటండీ."

"మా ఊళ్ళో బడి ఉంది. బడికి గోడ ఉంది. ఆదివారం పూజ అయ్యాక జనం ఊరికే కూర్చుంటారు. తీసుకురా."

15 నవంబర్

టీవీలో వచ్చింది. స్టెర్గియోస్ ఏడ్చాడు. అతుకు కనబడలేదు.

కార్యక్రమం అవగానే ఫోను చేశాడు. కుర్చీలో నేనేం మాట్లాడానో అతనికి ఎవరో చేరవేశారు. తిడతాడనుకున్నాను, బెదిరిస్తాడనుకున్నాను.

"నీ మీద నాకు కోపం లేదు మెల్పో. మనుషులు అలిసిపోతారు. నేను అర్థం చేసుకోగలను" అన్నాడు.

నన్ను క్షమించాడు! ఫోను పెట్టేశాక చేతులు కడుక్కున్నాను, రెండుసార్లు.

16 నవంబర్, ఆదివారం

కీమి బడి. నలభైమంది దాకా వచ్చారు. నల్ల కోట్ల ముసలివాళ్ళు, చేపల పడవల వాళ్ళు, పూజారి కూడా. ఉరానియా గుమ్మంలో నిలబడి ఒక్కొక్కరినీ పేరుపెట్టి లోపలికి పిలిచింది. అసిమీనాను తన పక్కన కూర్చోబెట్టుకుంది. నాకు ముందు వరసలో ఒక కుర్చీ చూపించింది, "ఇక్కడ కూర్చో. నీ భాగం వచ్చినప్పుడు నీ మొహం అందరికీ కనబడాలి" అంది.

అసిమీనా మాట్లాడుతున్నంతసేపూ ఎవరూ కదల్లేదు. బూట్ల దగ్గర వెనక ఎవరో ముసలాయన గట్టిగా, "అవును, బావవే, నాకు తెలుసు ఆ బూట్లు!" అన్నాడు. నలుగురైదుగురు ఏడ్చారు. వాళ్ళ ఊరి పిల్లాడు ముప్పై ఏళ్ళ తర్వాత రాతిలోంచి లేచి, వణుకుతూ, అక్క తిడుతుందని భయపడుతూ, వాళ్ళ మధ్యకొచ్చి కూర్చున్నట్టుంది.

తర్వాత గోడ మీద నేను. గోడంత మొహం. ఆరు నిమిషాలు.

నా మాటల మధ్య ఒకచోట ఇరవై సెకన్ల మౌనం ఉంది. ఇంకెవరిదైనా అయితే కోసేసేదాన్ని. చూస్తూ కూర్చున్నాను. చివరిదాకా.

దీపాలు వేశారు. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. వాళ్ళందరూ నావైపు చూస్తున్నారు. ఆ మొహాల్లో ఉన్న రోత నాకు కొత్త కాదు. ఆరు వారాలుగా ఈ పుస్తకం నిండా రాస్తున్నది అదే. ఈసారి ఇటు తిరిగి ఉంది, అంతే.

మూడో వరసలో ఒక పెద్దావిడ కర్ర ఆనించుకుని లేచింది. తిట్టలేదు. నిజంగా తెలుసుకోవాలన్నట్టే అడిగింది.

"అమ్మాయ్, మరి ఇన్నేళ్ళూ నీకు రాత్రిళ్ళు నిద్రెలా పట్టింది?"

పట్టలేదు అనాలని నోటిదాకా వచ్చింది. అంటే వాళ్ళు కాస్త మెత్తబడేవాళ్ళు. ఎవరైనా నా భుజం మీద చెయ్యి వేసేవాళ్ళేమో. నోరు తెరిచాను.

"బాగానే పట్టిందండీ. ఒక్క రాత్రి కూడా మేలుకోలేదు" అన్నాను.

ఆ పెద్దావిడ తల పంకించి నెమ్మదిగా కూర్చుంది.

ఉరానియా లేచి, అసిమీనా కోటు తీసుకుని ఆమె భుజాలకు కప్పింది. భోజనానికి ఇంటికి వెళుతున్నారు వాళ్ళు. వెళుతూ వెళుతూ నా కుర్చీ దగ్గర ఆగింది.

"నాలుగున్నరకి బస్సుంది" అంది.

రేవు దాకా నడిచి, రోడ్డు పక్కన బల్ల మీద కూర్చున్నాను. బస్సు వచ్చాక ఎక్కాను.